నట్టల మందు కంటే ముందు పెంటికలను చూడు

దేవరకొండ,
ఆగస్టు నెల.

ప్రియమైన మిత్రమా,

నీ ఉత్తరం నిన్న సాయంత్రం అందింది. మీ నాయిన మందలో నెలన్నర వయసు గొర్రెపిల్లలు పారుకుంటున్నాయనీ, రెండు సార్లు నట్టల మందు తాగించినా ఆగలేదనీ, తోక కింద ఉన్ని తడిసి ముద్దకట్టిందనీ రాశావు. చదువుతుంటే మా ఇంటి దొడ్డిలో ఏడు పిల్లలు చనిపోయిన వానకాలం గుర్తుకు వచ్చింది. అప్పుడు నేను కూడా నట్టలే అనుకొని, మందు మార్చి మార్చి తాగిస్తూ పది రోజులు పోగొట్టాను. చివరకు చనిపోయిన పిల్ల పేగును కోసి చూసిన పశువైద్యుడు అది కాక్సిడియా అని చెప్పారు. ఆ పది రోజుల బాధ ఇప్పటికీ నన్ను వదలలేదు కాబట్టే నీకు ఇంత వివరంగా రాస్తున్నాను.

కాక్సిడియా నట్ట కాదు. అది పేగు గోడలోని కణాల లోపలికి దూరి, అక్కడే పెరిగి, ఆ కణాలను పగలగొట్టుకొని బయటికి వచ్చే ఏకకణ జీవి. మనం మామూలుగా తాగించే నట్టల మందులు దాని మీద పనిచేయవు. గొర్రెల్లో ఉండే కాక్సిడియా పేరు ఐమీరియా; కోళ్లలో రక్తపారుడు తెచ్చేది కూడా ఈ ఐమీరియా జాతి జీవులే. అయితే కోడి ఐమీరియా గొర్రెకు రాదు, గొర్రెది కోడికి పోదు. కాబట్టి కొట్టంలో తిరిగే కోళ్లను మీ నాయిన తిట్టవలసిన పని లేదు.

నువ్వు జంతుశాస్త్రం చెప్పే అధ్యాపకుడివి, కాలేజీలో సూక్ష్మదర్శిని ఉంది కదా, పెంటికల్లో కాక్సిడియాను వెతికే పని నువ్వే చేయగలవు. లీటరు వేడినీళ్లలో 400 గ్రాముల ఉప్పు కలిపి చల్లారనిస్తే, అడుగున కొంత ఉప్పు కరగకుండా మిగిలిన ద్రావణం తయారవుతుంది. అందులోంచి పైతేటను 42 మిల్లీలీటర్లు తీసుకొని, 3 గ్రాముల తాజా పెంటికలను నలిపి కలిపి, టీ వడపోసే జల్లెడతో వడకట్టు. ఆ నీటిని పరీక్షనాళికలో అంచు పొంగేంత వరకు నింపి, పైన కవర్ స్లిప్ (పలుచని చిన్న అద్దం) పెట్టి పదిహేను నిమిషాలు ఆగు. బరువైన చెత్త కిందికి దిగుతుంది, ఊసిస్టులు, అంటే పెంటికలతో బయటికి వచ్చే కాక్సిడియా గుడ్ల వంటివి, తేలికైనవి కాబట్టి పైకి తేలి ఆ అద్దానికి అంటుకుంటాయి. ఎక్కువ సేపు వదిలేయవద్దు, ఉప్పు నీటిలో అవి ముడుచుకుపోతాయి.

పది రెట్ల కటకంతో వెతికి, నలభై రెట్ల కటకంతో నిర్ధారించుకో. నల్లని మందపాటి అంచుతో మెరిసేవి గాలిబుడగలు. వాటిని చూసి మోసపోని కొత్తవాడు లేడు. నట్టల గుడ్లు సాధారణంగా 70 నుంచి 90 మైక్రాన్ల పొడవుండి, లోపల ద్రాక్ష గుత్తి వంటి కణాలతో నిండి ఉంటాయి. గొర్రెల కాక్సిడియా ఊసిస్టులు చాలావరకు అందులో సగం కూడా ఉండవు. పలుచని నునుపైన గోడ, లోపల ఒకే ఒక గుండ్రని ముద్ద కనిపిస్తాయి. కొన్ని రకాలకు ఒక కొనలో చిన్న టోపీ ఉంటుంది. ఎక్కువ హాని చేసే ఐమీరియా ఓవినాయిడాలిస్‌కు టోపీ లేదు, అంతే ప్రమాదకరమైన ఐమీరియా క్రాండాలిస్‌కు మాత్రం ఉంది. అందువల్ల టోపీ ఒక్కటే చూసి తీర్పు చెప్పలేము.

రకం తేల్చాలంటే వాటిని పొదిగించాలి. రెండున్నర శాతం పొటాషియం డైక్రోమేట్ ద్రావణంలో పలుచగా పోసి, గాలి తగిలేలా, గది వేడిలో కొన్ని రోజులు ఉంచితే లోపలి ముద్ద విడిపోతుంది. నాలుగు సంచులు, ఒక్కో సంచిలో రెండేసి జీవులు కనిపిస్తే అది ఐమీరియా. రెండే సంచులు, ఒక్కో దానిలో నాలుగేసి ఉంటే అది కుక్కల్లో, పిల్లుల్లో ఉండే సిస్టోఐసోస్పోరా. మొదటిసారి ఆ నాలుగు సంచులను చూసిన రోజు నేను అన్నం తినడం కూడా మరిచాను. ఆ ద్రావణం విషం, పిల్లల చేతికి ఇవ్వకు. ఇంకో మాట, మీ కాపలా కుక్క మలంలో ఐమీరియా కనిపిస్తే కంగారుపడకు, అది పెంటికలు తిన్నందువల్ల అలా దాటిపోయినదే.

అన్నిటికంటే ముఖ్యమైనది ఇది: ఊసిస్టులు కనిపించినంత మాత్రాన రోగం అనడానికి లేదు. ఆరోగ్యంగా గంతులేసే పిల్ల పెంటికల్లో కూడా గ్రాముకు వేలకొద్దీ ఉండవచ్చు. దీనికి ఎదురు మాట కూడా నిజమే; పారుడు మొదలైన తొలి రోజుల్లో లోపల పేగు దెబ్బతింటున్నా ఊసిస్టులు ఇంకా బయటికి రాకపోవచ్చు. కాబట్టి ఒక్క పిల్లతో ఆగకుండా ఆరేడు పిల్లలవి, పారుకునేవీ పారుకోనివీ కలిపి చూసి, మూడు రోజుల తర్వాత మళ్లీ చూడు. నోట్లో పుండ్లు, ముక్కు కారడం, జ్వరం ఉంటే మాత్రం అది గొర్రెలకు, మేకలకు వచ్చే అంటురోగం పి.పి.ఆర్. కావచ్చు, పరీక్షల కోసం ఆగకుండా వెంటనే పశువైద్యునికి చెప్పు.

మందు విషయం కూడా ఆయనకే వదిలెయ్. ఆంప్రోలియం, టోల్ట్రాజురిల్, సల్ఫా మందులు ఉన్నాయి, మోతాదు పిల్ల బరువును బట్టి ఉంటుంది. ఈలోపు పారుకునే పిల్లలను వేరు చేసి, ఒంట్లో నీరు తగ్గిపోకుండా నీళ్లు తాగించండి. దొడ్డిలో తడి పెంటను ఎత్తివేసి, మేత నేల మీద కాకుండా తొట్టిలో వేయండి. ఊసిస్టులు తేమలో నెలల తరబడి బతుకుతాయి, మామూలు ఫినాయిలుకు చావవు, ఎండకు ఆరితే మాత్రం చస్తాయి.

ఆదివారం బస్సెక్కి రా. ఆరు పిల్లల పెంటికలను వేరువేరు డబ్బాల్లో, ఒక్కోదాని మీద పిల్ల గుర్తు రాసి, ఐస్ పక్కన గడ్డకట్టకుండా పెట్టుకొని తీసుకురా. ఇద్దరం కూర్చొని చూద్దాం. నాయినకు నా నమస్కారాలు చెప్పు.

నీ మిత్రుడు