జీపుకు దారిచ్చారు, బస్సుకు ఇవ్వలేదు

ఆంధ్రప్రదేశ్ హోం మంత్రి గారికి,

నమస్కారం. నేను న్యాయవాదిని. స్థానిక ఎన్నికలప్పుడు పోలీసు రక్షణ కోరుతూ హైకోర్టులో లంచ్ మోషన్లు, అంటే అత్యవసరంగా విచారించమని కోరే పిటిషన్లు, వేస్తుంటాను. నాది ఏ పార్టీ అని ముందే అనుమానించకండి. నా దగ్గరికి ఎప్పుడూ ప్రతిపక్షమే వస్తుంది. ప్రభుత్వం మారినప్పుడల్లా నా గుమ్మం ముందు కండువా రంగు మారుతుందే తప్ప ఫిర్యాదు మారదు.

ఒక ఎంపీపీ, అంటే మండల పరిషత్ అధ్యక్షుడి, ఎన్నిక సంగతి చెబుతాను. మండలం పేరు ఎందుకులెండి. ఎంపీటీసీ సభ్యులను ఇళ్ల దగ్గర నుంచి మండల పరిషత్ కార్యాలయం దాకా భద్రంగా చేర్చాలని ముందురోజు సాయంత్రం ఉత్తర్వు వచ్చింది. రాత్రికి రాత్రే ప్రతిని స్టేషన్‌లో ఇచ్చి ముద్ర వేయించుకున్నాను. తెల్లారాక జీపు వచ్చింది కూడా. జీపు ముందు, సభ్యుల బస్సు వెనక. కార్యాలయం కనుచూపు మేరలో ఉందనగా గుంపు అడ్డొచ్చింది. జీపుకు దారిచ్చింది, బస్సుకు ఇవ్వలేదు. జీపు ముందుకు వెళ్లి చెట్టు నీడన ఆగింది. కాసేపు ఓపిక పట్టమని, శాంతిభద్రతల సమస్య వస్తుందని సీఐ గారు సెలవిచ్చారు. బస్సు కిటికీలోంచి ఒక సభ్యురాలు ఉత్తర్వు కాగితం ఊపుతూనే ఉంది. లోపల చేతులెత్తి అధ్యక్షుణ్ని ఎన్నుకోవడం అయిపోయింది.

కోర్టు ధిక్కరణ పిటిషన్ వేశాం. రక్షణ కల్పించామని పోలీసులు కౌంటర్ (కోర్టుకిచ్చే జవాబు) దాఖలు చేసి ఒక ఫొటో జతపరిచారు. బస్సు ముందు జీపు వెళ్తున్న ఫొటో. అది నిజమైనదే.

1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం ఇలాంటి కేసులో ఉత్తర్వును కావాలనే ఉల్లంఘించారని నిరూపించాలి. చెట్టు నీడన ఆగిన జీపు మనసులో ఏముందో నేనెలా నిరూపించను? నిరూపించినా గరిష్ఠ శిక్ష ఆరు నెలల సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. క్షమాపణ కోర్టుకు నచ్చితే అదీ ఉండదు. ఆ రోజు బస్సు అద్దె అంతకన్నా ఎక్కువే అయింది! ఇక ఫలితం మాటంటారా, రాజ్యాంగంలోని 243-ఓ అధికరణ ప్రకారం దాన్ని ఎన్నికల పిటిషన్‌లోనే సవాలు చేయాలి. అది తేలేదెప్పుడు, పదవీకాలం ముగిసేదెప్పుడు?

ఇది మన రాష్ట్రానికే పట్టిన జబ్బు కాదు. 2021లో త్రిపుర పురపాలక ఎన్నికలప్పుడు రక్షణపై సుప్రీంకోర్టు నవంబరు 11న ఉత్తర్వు ఇచ్చింది. దాన్ని పాటించడం లేదంటూ ధిక్కరణ పిటిషన్ పడింది. ఎన్నికలు వాయిదా వేయడానికి కోర్టు ఒప్పుకోలేదు. 25న, పోలింగు జరుగుతుండగా, మరో రెండు కంపెనీల కేంద్ర బలగాలను పంపమంది. 2023లో పశ్చిమ బెంగాల్ పంచాయతీ ఎన్నికలకు కేంద్ర బలగాలను రప్పించమని కలకత్తా హైకోర్టు ఆదేశిస్తే, అక్కడి ఎన్నికల సంఘం మొదట జిల్లాకు ఒక్క కంపెనీ చొప్పున 22 కంపెనీలు కోరింది. అడిగామని చెప్పుకోవడానికి అది చాలు.

అయ్యా, ధిక్కరణ కేసుల్లో మీ శాఖ గెలుస్తోందో ఓడుతోందో నాకు అక్కర్లేదు. కోర్టు రక్షణ ఉత్తర్వు అందిన గంటలోగా ఒక డీఎస్పీని పేరు పెట్టి బాధ్యుణ్ని చేయండి. ఆ బాధ్యత సభ్యుడు సమావేశ మందిరం గడప దాటాకే తీరాలి. ఎక్కడ బయలుదేరారు, ఎక్కడ ఆగారు, ఎవరు ఆపారు, ఎన్ని నిమిషాలు ఆపారు అన్నవి స్టేషన్ జనరల్ డైరీకి ఎక్కాలి. దారి మూసుకుపోతే ఎన్నికల అధికారికి అప్పటికప్పుడే రాతపూర్వకంగా తెలపాలి, కౌంటర్‌లో కాదు. ఎన్నికలు మా పరిధి కాదు, ఎన్నికల సంఘానిదని మీ అధికారులు అంటారు. పర్యవేక్షణ సంఘానిదే. లాఠీ, జీపు మాత్రం మీవి.

ఈ మేరకు సర్క్యులర్ జారీ చేస్తే ఒక ప్రతి నాకూ పంపించండి. వచ్చే ఎన్నికల కేసు కట్టలో మొదటి కాగితంగా పెట్టుకుంటాను.

ఇట్లు,
ఒక న్యాయవాది