మన ఫిల్మ్ సొసైటీ వార్షిక నివేదిక: మారియో బావా, రెండు ప్లాస్టిక్ రాళ్ళు

సభ్యులందరికీ నమస్కారం. సర్వసభ్య సమావేశంలో కార్యదర్శి నివేదిక చదివి తీరాలని మన నియమావళిలో ఉంది కాబట్టి రాస్తున్నాను, లేకపోతే నేనూ మీలాగే వెనక వరుసలో కూర్చుని టీ తాగేవాణ్ణి. నెలనెలా వేసిన సినిమాల జాబితా నోటీసు బోర్డు మీద ఉంది, మళ్ళీ చదవను.

గట్టిగా చెప్పుకోదగ్గ పని ఒక్కటే, ఇటలీ దర్శకుడు మారియో బావా సినిమాల మూడు రోజుల ప్రదర్శన. దెయ్యాల సినిమాలు వేసే స్థాయికి వచ్చామా అని కమిటీలోనే గొడవైంది. అదే ఇటలీవాడు, పేరున్న దర్శకుడు ఫెలినీ అంటే ఎవరూ నోరెత్తరు. విఠలాచార్య గారి అస్థిపంజరాలకి ఈలలు వేసి పెరిగినవాళ్ళం, మనకి బావా అంటే చిన్నచూపేమిటో!

బావా 1914లో సాన్ రెమోలో పుట్టాడు. నాన్న యూజెనియో శిల్పి, తర్వాత సినిమా ట్రిక్కుల్లోకి వచ్చాడు. కొడుకు ఏళ్ళ తరబడి కెమెరామన్‌గా ఉంటూ, వేరేవాళ్ళు సగంలో వదిలేసిన సినిమాలు పూర్తి చేసిపెట్టేవాడు. 1957లో ‘ఇ వాంపిరి’ని దర్శకుడు రికార్డో ఫ్రెడా వదిలేసిపోతే మిగతాది ఈయనే తీశాడు, 1959లో ‘కాల్టికి’దీ అదే వరస. చివరికి 1960లో ‘లా మాస్కెరా డెల్ దెమోనియో’తో సొంతంగా దర్శకుడయ్యాడు, అది విడుదలయ్యేసరికి వయసు 46. ఒకరు వదిలేసిన పని ఇంకొకరి నెత్తిన పడటమంటే ఏమిటో మన కమిటీలో ఓ నలుగురికి బాగా తెలుసు, ఆ నలుగురెవరో మిగతావాళ్ళకీ తెలుసు.

రెండో రోజు సాయంత్రం జనం లేచి చప్పట్లు కొట్టింది సినిమాకి కాదు, మన ప్రయోగానికి. ‘ఇ వాంపిరి’లో హీరోయిన్ మొహం కట్ లేకుండా మన కళ్ళముందే ముసలిదైపోతుంది. అదెలాగో చూపిద్దామని ఒక సభ్యురాలి మొహం మీద కుంకుమ రంగుతో సన్నగా ముడతలు గీశాం. ఫోన్ కెమెరా బ్లాక్ అండ్ వైట్‌లో పెట్టి, దీపానికి ఎర్ర జెలటిన్ కాగితం అడ్డుపెడితే ఒక్క గీతా కనిపించలేదు, ఎర్ర వెలుగులో ఎరుపూ చర్మమూ ఒకేలా తెల్లగా వస్తాయి కదా. దాన్ని తీసి ఆకుపచ్చది పెట్టగానే గీతలన్నీ నల్లగా తేలాయి. ‘అయ్యో, మా అమ్మలా ఉన్నానే’ అంది ఆవిడ. హాలంతా నవ్వు.

1965లో తీసిన అంతరిక్షం సినిమాకి ఆయన దగ్గరున్నవి రెండు ప్లాస్టిక్ రాళ్ళు, అవీ ఏదో పౌరాణికానికి వాడి పడేసినవి. అద్దాలూ పొగా రంగు దీపాలూ పెట్టి ఓ గ్రహాన్నే తయారుచేశాడు. మనకేమో రెండు రోజుల ముందు హాలు కుదరదన్నారు, ఇస్తామని సంతకం పెట్టిన ఆఫీసువాళ్ళే. మూడుసార్లు వెళ్తే మూడుసార్లూ సారు భోజనానికెళ్ళారు. చివరికి కల్యాణమండపంలో వేశాం, తెర బదులు పెళ్ళివాళ్ళ తెల్లబట్ట. వాలంటీర్లుగా పేర్లిచ్చిన పన్నెండు మందిలో వచ్చింది ముగ్గురు. టెన్షన్‌తో నాకు బీపీ పెరిగింది, ఇది మినిట్స్‌లో రాయండి.

మూడో రోజు 1974లో తీసిన ‘కాని అరబ్బియాటి’ వేశాం. నిర్మాత దివాలా తీసి బొమ్మ ఇరుక్కుపోయింది. బావా 1980లో పోయాడు, అది జనం ముందుకొచ్చింది 1990లలో. అది చెప్పినప్పుడు హాల్లో కాసేపు ఎవరూ మాట్లాడలేదు.

లెక్కలు ఆడిట్ అయ్యాయి, కాగితాలు ట్రెజరర్ గారి దగ్గరున్నాయి, చూసుకోండి. కుర్చీల బాకీ కొంచెం ఉంది. మండపం ఇచ్చిన పెద్దాయనకీ, సబ్‌టైటిళ్ళు సర్దిన కుర్రాడికీ, మూడు రోజులూ ఉప్మా చేసి పంపిన మా ఇంటావిడకీ, మొహం అప్పిచ్చిన సభ్యురాలికీ ధన్యవాదాలు.

ఆ జెలటిన్ కాగితాలు అద్దెవి. ఆకుపచ్చది దొరికింది, ఎర్రది ఎవరో ఇంటికి పట్టుకెళ్ళారు. దయచేసి తెచ్చివ్వండి.