నిందితుడికి బెయిల్ వస్తే నా క్లెయిమ్ ఎందుకు ఆపారు?

బీమా కంపెనీ క్లెయిమ్స్ మేనేజర్ గారికి,

నా భార్య నగల దోపిడీ క్లెయిమ్ మీద మీరు పోయిన వారం పంపిన లెటర్ చదివి, కోపం కాస్త తగ్గాక ఇది రాస్తున్నాను. "నిందితుడికి కోర్టు బెయిల్ మంజూరు చేసింది, నేరం రుజువు కాలేదు, తుది తీర్పు కాపీ ఇచ్చేవరకు క్లెయిమ్ పెండింగ్" అన్నారు. అతని బెయిల్‌కీ మా క్లెయిమ్‌కీ సంబంధం ఏంటండీ?

జరిగిందంతా నష్టం అంచనాకి మీరు పంపిన సర్వేయర్ రిపోర్టులోనే ఉంది. పట్టపగలు ఆమె స్కూటీకి బైక్ అడ్డం పెట్టి, అరిస్తే చంపేస్తామని బెదిరించి గొలుసు, గాజులు తీయించుకున్నారు. గాజులు బిగుతుగా ఉండి రాకపోతే "ఉమ్మి రాసుకుని తియ్యి" అన్నాడట ఒకడు. ఆ మాట చెప్పేటప్పుడు ఇప్పటికీ ఆమె తన మణికట్టు గట్టిగా పట్టుకుంటుంది. ఎఫ్‌ఐఆర్ అదే రోజు అయింది, మీకూ అదే రోజు చెప్పాం, బిల్లులు, ఫొటోలు అన్నీ ఇచ్చాం. ఒకడు దొరికాడు, నగలు మాత్రం దొరకలేదు.

ఇక బెయిల్ సంగతి. కేసు భారతీయ న్యాయ సంహితలోని దోపిడీ సెక్షన్ 309(4) కింద పెట్టారు, దానికి శిక్ష పదేళ్ల వరకు. ఇలాంటి కేసులో పోలీసులు 60 రోజుల్లో చార్జిషీటు వేయాలి (మరింత పెద్ద నేరాలకుండే 90 రోజుల గడువు దీనికి వర్తించదని పాత సీఆర్పీసీ చట్టం ఉన్నప్పుడే, 2017లో, రాకేశ్ కుమార్ పాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది). వేయకపోతే, ఆ పాత చట్టం స్థానంలో వచ్చిన నాగరిక సురక్షా సంహిత 187(3) ప్రకారం, నిందితుడు అడిగి జామీను ఇస్తే బెయిల్ ఇచ్చి తీరాలి. సాక్ష్యం బలంగా ఉందా లేదా అని జడ్జి గారు చూసే పనే ఉండదు. మా కేసులో జరిగింది సరిగ్గా ఇదే. ఆ ఆర్డర్ కాపీ మీకు పంపాను, రెండే పేజీలు, మీ ఆఫీసులో ఒక్కరైనా చదివారా?

ఆ రోజు నేను కోర్టులోనే ఉన్నాను. ఇద్దరు షూరిటీలు, అంటే జామీను ఇచ్చేవాళ్లు, కాగితాలు పట్టుకుని నిలబడ్డారు, వాళ్ల పక్కన నిందితుడి తల్లి కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడుస్తోంది. అతనికి బెయిల్ ఇవ్వడం మీద నాకు ఏ అభ్యంతరమూ లేదు. గడువులోగా చార్జిషీటు వేయకుండా మనిషిని లోపల ఉంచడం తప్పే, అది ఎవరి విషయంలోనైనా. విచారణ అయ్యేదాకా అతను జైల్లో ఉండాలా బయట ఉండాలా అన్నదే బెయిల్‌లో తేలేది. దోపిడీ జరిగిందా లేదా అన్నది కాదు.

ఇంకోటి చెప్పండి. దొంగ అసలు దొరక్కపోయి ఉంటే, ఆచూకీ లేదని పోలీసులు ఇచ్చిన కాగితం చూసి మీరు క్లెయిమ్ తేల్చేసేవాళ్లు కదా? అంటే పోలీసులు ఒకణ్ని పట్టుకోవడం వల్ల మేం నష్టపోవాలా? రేపు కోర్టు అతన్ని నిర్దోషి అని వదిలేసినా, అతనే చేశాడని రుజువు కాలేదని అర్థం అవుతుందేమో గానీ, నా భార్య మెడలో గొలుసు పోలేదని కాదు. విచారణ, అప్పీలు కలిపి ఎన్నేళ్లు పడుతుందో మీ లీగల్ వాళ్లకి నాకంటే బాగా తెలుసు.

పాలసీ కాగితాలు మొత్తం రెండుసార్లు చదివాను. నిందితుడికి శిక్ష పడితేనే డబ్బు ఇస్తామని ఎక్కడా లేదు. ఉంటే ఆ క్లాజు నంబరు వేసి రాతపూర్వకంగా చెప్పండి, లేకపోతే క్లెయిమ్ సెటిల్ చేయండి. ఫోన్‌లో "పై వాళ్లని అడుగుతాం సార్" అనే జవాబు ఇక వద్దు. ఈ లెటర్ కాపీని బీమా నియంత్రణ సంస్థ ఫిర్యాదుల కోసం నడిపే బీమా భరోసా పోర్టల్‌లో కూడా పెడుతున్నాను. నెలలోగా మీ జవాబు రాకపోతే బీమా ఫిర్యాదులు తేల్చే ఇన్సూరెన్స్ అంబుడ్స్‌మన్ దగ్గరికి వెళ్తాను, అక్కడ ఫీజు లేదు, లాయరూ అక్కర్లేదు. ఎఫ్‌ఐఆర్, బెయిల్ ఆర్డర్, సర్వేయర్ రిపోర్టు కాపీలు మళ్లీ జతచేశాను.

ఇట్లు,
మీ పాలసీదారు