మీ పెద్దనాన్నా, మేజర్ హ్యూస్టనూ

ఒరేయ్ శ్రీనూ,

ఫోన్ చేస్తే "తర్వాత చేస్తాన్రా" అని పెట్టేస్తావు. అందుకే ఉత్తరం. తాపీగా చదువుకో.

వారం రోజులుగా జాన్ హ్యూస్టన్ అనే అమెరికా డైరెక్టర్ నా బుర్ర తింటున్నాడు. 1941లో మొదటి సినిమాతోనే పేరు కొట్టేసి, మరుసటి ఏడాది సైన్యంలో చేరాడు. సిగ్నల్ కోర్‌లో, అంటే సైన్యానికి సమాచారమూ సినిమాలూ చూసే విభాగంలో, కెప్టెన్. యుద్ధం మీద డాక్యుమెంటరీలు తీయడమే ఉద్యోగం. ముందు అల్యూషియన్ దీవుల్లో ఒకటి తీశాడు, దాన్ని వదిలెయ్. నన్ను పట్టుకున్నది ఇటలీలో తీసిన 'శాన్ పియెట్రో'.

1943 డిసెంబరులో ఆ కొండ ఊరి కోసం జర్మన్లతో జరిగిన పోరు అది. ఊగిపోయే కెమెరా, పక్కనే పేలే గుండ్లు, చూస్తుంటే నాకు చెమటలు పట్టాయి. తీరా చూస్తే, పోరాటం షాట్లలో చాలా భాగం తర్వాత సైనికుల చేత మళ్ళీ చేయించి తీసినవట! ఒళ్ళు మండింది. అయినా ఇంకోసారి చూశాను. శవాలను తెల్లటి గుడ్డ సంచుల్లో కట్టడం నటన కాదు. శిథిలాల్లోంచి బయటికొచ్చిన పిల్లల ముఖాలూ నటన కాదు. కోపం సగం దిగింది. ఇది యుద్ధానికి వ్యతిరేకంగా ఉందని పై అధికారులు గొడవ చేస్తే, అమెరికా సైన్యాధిపతి జనరల్ మార్షల్ మాత్రం కొత్త సైనికులకు చూపించమన్నాడు. హ్యూస్టన్‌ని మేజర్‌ని కూడా చేశారు.

ఇక 'లెట్ దేర్ బి లైట్'. న్యూయార్క్ దగ్గర లాంగ్ ఐలాండ్‌లో, యుద్ధంలో మనసు దెబ్బతిన్న సైనికుల మిలిటరీ ఆసుపత్రిలో తీశాడు. ఒకడికి కాళ్ళు బాగానే ఉన్నాయి, నడవలేడు. ఇంకొకడికి మాట పెగలదు. ఒకడు ప్రియురాలి మాట రాగానే ఏడ్చేస్తాడు. ఇక్కడ చేయించిందేమీ లేదు, కెమెరాలు పెట్టి ఊరుకున్నాడు. అప్పట్లో సైన్యంలో తెల్లవాళ్ళవీ నల్లవాళ్ళవీ వేరువేరు దళాలు, ఇక్కడ మాత్రం పక్కపక్కనే కూర్చుంటారు. ఇంజెక్షన్ ఇచ్చి మాట్లాడగానే లేచి నడవడం మాత్రం నాకు మింగుడు పడలేదు. డాక్టర్లను మరీ దేవుళ్ళను చేశాడు.

దీన్ని తొక్కేశారు. 1946లో న్యూయార్క్‌లో మ్యూజియం ఆఫ్ మోడర్న్ ఆర్ట్‌లో వేయబోతుంటే మిలిటరీ పోలీసులొచ్చి ప్రింటు పట్టుకుపోయారు. రోగుల పరువు కోసమన్నారు. మళ్ళీ 1980 చివర్లో గానీ వదల్లేదు. ఈలోగా సైన్యమే అదే విషయాన్ని నటులతో ఇంకోటి తీయించింది, అందరూ తెల్లవాళ్ళే! చేయించి తీసిన దానికేమో ప్రమోషను, ఉన్నదున్నట్టు తీసిన దానికి బీరువా.

మీ పెద్దనాన్నగారు గుర్తొచ్చార్రా. మనం 71 యుద్ధం గురించి ఎన్నిసార్లు అడిగాం! ఆయనేమో అక్కడి రొట్టెలు ఎంత గట్టిగా ఉండేవో చెప్పి నవ్వించేవారు. ఒక్కసారైనా అంతకుమించి చెప్పారా? మనకూ ఇంకోలా అడగడం చేతకాలేదు.

రెండూ యూట్యూబ్‌లో ఉన్నాయి. ఆయనకి చూపిద్దామని ముందు అనుకున్నాను, తర్వాత వద్దనిపించింది. నువ్వేమంటావు? సంక్రాంతికి వస్తావుగా, అప్పుడు తేల్చుకుందాం. ఈలోగా నేను అడిగానని ఆయనకి చెప్పు.

నీ
రవి