ఇంటికి తిరిగొచ్చే బైకు

చిన్నాకి అమ్మ ఆశీస్సులు.

జపాన్ బైక్ ముఠాల సినిమాల మీద నువ్వు రాసిన వ్యాసం చదివాను. సెలవుల్లో నువ్వు ఇచ్చి వెళ్లిన ఆ సినిమాలు కూడా చూశాను. ఒక మాట చెప్పాలనిపించి రాస్తున్నాను.

1975లో తోయే కంపెనీ తీసిన 'పేలుడు! బోసోజోకు' (బోసోజోకు అంటే అక్కడి బైక్ ముఠాలు) గురించి ఎంతో ఇష్టంగా రాశావు. దర్శకుడు తెరువో ఇషీ బైకుల్ని పరుగెత్తించిన తీరు నాకూ నచ్చింది. హీరో ఇవాకి కోయిచి నిజంగానే కూల్స్ అనే బైక్ బృందంలో తిరిగినవాడని నువ్వు చెప్పాకే, బండి మీద అతను కూర్చున్న పద్ధతి గమనించాను. టీవీ వచ్చాక ఇల్లు కదలని జనాన్ని హాలుకు రప్పించడానికి, పేపర్లో చదివే గొడవల్నే వేడివేడిగా సినిమా తీసేవాళ్లన్నావు. నిజమే. కానీ చూస్తున్నంతసేపూ నాకు ఒకటే ఆలోచన. ఈ పిల్లలు రాత్రి ఏ వేళకు ఇంటికెళ్తారు, తలుపు ఎవరు తీస్తారు?

దానికి జవాబు నాకు మిత్సువో యనగిమచి 1976లో తీసిన డాక్యుమెంటరీలో దొరికింది. బ్లాక్ ఎంపరర్ ముఠా కుర్రాళ్ల వెంట తిరిగి తీశాడు. అందులో ఒకడు పోలీసు కేసులో ఇరుక్కుంటాడు. వాడికీ కన్నవాళ్లకీ మధ్య నడిచే మాటలు ఆపి ఆపి చూశాను. పదిహేడేళ్లప్పుడు నువ్వు బండి మీద నుంచి పడి, మోచెయ్యి చీరుకుని, అర్ధరాత్రి దాటాక గుమ్మంలో నిలబడ్డావు. తిట్టడమే తప్ప నొప్పిగా ఉందా అని అడగలేదు నేను. అన్నం కూడా పెట్టలేదు. అది ఇప్పటికీ బాధగానే ఉంది రా.

జపాన్‌లో పదహారుకే బైక్ లైసెన్స్ ఇస్తారు. అప్పట్లో ఇరవై నిండేదాకా చట్టం ముందు మైనర్లే, అందుకే ఇరవై వచ్చేసరికి చాలామంది ముఠా మానేసేవాళ్లు. 1982లో పోలీసుల లెక్కకు వచ్చినవాళ్లే 42,510 మంది. అంతమంది పిల్లలు! ఆ డాక్యుమెంటరీకి నువ్వు ఒక్క వాక్యమే ఇచ్చావు. ఇంకాస్త రాయి.

డిప్లొమా సినిమాకు డబ్బు గురించి టెన్షన్ పడకు. సోగో ఇషీ అనే మరో దర్శకుడు చదువుకునే రోజుల్లో 16 ఎం.ఎం.లో తీసుకున్న బైక్ గ్యాంగ్ సినిమానే 1980లో తోయే వాళ్లు హాళ్లలో విడుదల చేశారు. నెలాఖరుకు పాతిక వేలు పంపుతాను. నీ కథలో కుర్రాడు ఇంటికొచ్చే సీను ఉంటే మన వంటింట్లోనే తీసుకో. స్టవ్ పక్కన సామాన్లన్నీ సర్ది ఉంచుతాను.

అమ్మ