ఆ అవ్వ గొంతు మీద వేరే గొంతు వేయకండి

ఒడిశా సమాచార, పౌరసంబంధాల శాఖ మంత్రి గారికి,

నమస్కారం. నేను బరంపురంలో పుట్టి పెరిగిన తెలుగువాణ్ణి. పెళ్లి వీడియోలు తీసి బతుకుతూ, ఖాళీ రోజుల్లో గంజాం తీరం మత్స్యకారుల మీద చిన్న డాక్యుమెంటరీలు తీస్తుంటాను. ఈ ఉత్తరం ఒడియా ప్రతిని మీ కార్యాలయానికి పంపాను. ఇందులో ఉన్న మనుషులు కూడా చదవాలని ఇక్కడ తెలుగులో పెడుతున్నాను.

కొన్నేళ్ల కిందట సముద్రం కోత మీద డాక్యుమెంటరీ తీస్తూ ఒక సంస్థ నన్ను కెమెరాకి పిలిచింది. గంజాం తీరంలోని మత్స్యకారుల ఊరు పొడంపేట వెళ్లాం. పాత ఊరిని సముద్రం కొంచెం కొంచెంగా కోసేసింది, జనం లోపలికి తరలిపోయారు. అక్కడ ఒక అవ్వ నీళ్లవైపు చెయ్యి చూపించి, "అదిగో, ఆ అల ఇరుగుతున్న కాడ మా పొయ్యుండేది" అంది. తర్వాత ఇరవై నిమిషాలు మాట్లాడింది. ఏ ఇల్లు ఎప్పుడు పోయిందో, వలలు ఎక్కడ దాచుకున్నారో, అన్నీ చెప్పింది.

సినిమాలో ఆమె పెదాలు కదులుతాయి. వినపడేది మాత్రం ఒడియాలో ఒక మగ గొంతు: మత్స్యకారులు తీవ్రంగా నష్టపోయారట. ఫోన్‌లో చూపిస్తే అవ్వ అడిగింది, "నాను సెప్పింది ఏది బాబూ?" నా దగ్గర జవాబు లేదు.

ఒడియావాళ్లు నోలియాలు అని పిలిచే ఈ మత్స్యకారులు ఇళ్లలో తెలుగే మాట్లాడతారు. 2013లో ఫైలిన్ తుఫాను గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటినప్పుడు కెమెరాలు వచ్చాయి. ఋషికుల్య నది సముద్రంలో కలిసే చోట తాబేళ్లు గుడ్లు పెట్టడానికి వచ్చినప్పుడల్లా వస్తాయి. తాబేళ్లను కాపాడాల్సిందే, అందులో నాకు రెండో మాట లేదు. కానీ అక్కడ నవంబరు 1 నుంచి మే 31 దాకా, తీరం నుంచి 20 కిలోమీటర్ల లోపు మర పడవల వేట నిషేధం. ఆ ఏడు నెలలూ పొయ్యి ఎలా వెలుగుతుందో ఆ ఇళ్లవాళ్లు తమ మాటల్లో చెప్పడం నేను చూసిన తాబేళ్ల సినిమా ఒక్కదానిలోనూ వినలేదు.

ఈ నేల మీదే, పర్లాకిమిడిలో, గిడుగు రామమూర్తి పంతులు గారు గిరిజనులైన సవరల భాష నేర్చుకుని, సవరల పాటలూ కథలూ వాళ్ల మాటల్లోనే రాసుకున్నారు. ఎదుటి మనిషి భాషలో వినడం ఇక్కడ కొత్త కాదు.

మీ శాఖ డబ్బుతో తీసే డాక్యుమెంటరీల్లో మాట్లాడేవాళ్ల గొంతు ఉంచండి, కింద ఒడియా సబ్‌టైటిల్స్ వేయండి. మొదటి ప్రదర్శన ఆ ఊళ్లోనే, ఒడ్డున తెర కట్టి వేయండి. తప్పుంటే వాళ్లే చెబుతారు. ఎడిటింగులో కోసేసిన రికార్డింగులు పారేయకుండా జిల్లా గ్రంథాలయంలో దాయించండి. సబ్‌టైటిల్స్ రాయడానికి మనిషి దొరక్కపోతే నేను రాస్తాను, డబ్బులు అక్కర్లేదు.

ఫిబ్రవరి, మార్చి నెలల్లో మళ్లీ కెమెరాలు ఋషికుల్య ఒడ్డుకి వస్తాయి. ఆలోపే ఉత్తర్వు ఇవ్వండి. అవ్వకి వయసైపోతోంది.

ఇట్లు,
బరంపురం నుంచి ఒక కెమెరామన్