గోడ దాటాకే అసలు కథ

సంపాదక మహాశయులకు,

‘ప్రిజన్ బ్రేక్’ అనే అమెరికన్ టీవీ ధారావాహిక మొదటి సీజన్‌తోనే ముగిసిపోవలసిన కథ అనీ, ఖైదీలు గోడ దాటాక చెప్పడానికి అందులో ఏమీ మిగలలేదనీ మీ ఆదివారం అనుబంధంలో వచ్చిన అభిప్రాయంతో ఏకీభవించలేకపోతున్నాను. అమెరికాలోని ఫాక్స్ చానల్‌లో 2006 ఆగస్టు 21న మొదలై, మరుసటి ఏడాది ఏప్రిల్ దాకా 22 భాగాలుగా సాగిన రెండో సీజన్‌ను ఈ మధ్యనే మళ్ళీ చూశాను.

మొదటి సీజన్‌ను ఇలినాయి రాష్ట్రంలోని జోలియెట్‌లో, 2002లో మూతపడిన ఒక నిజమైన జైల్లో తీశారు. ఆ రాతిగోడల బరువు రెండో సీజన్‌లోని రోడ్లకు, పొలాలకు లేదన్న మాట ఒప్పుకుంటాను. అయితే గోడ ఎంత ఎత్తయినదైనా ఎదురు ఎత్తు వేయదు. అలెగ్జాండర్ మహోన్ వేస్తాడు. అన్న లింకన్‌ను జైలు నుంచి తప్పించిన మైఖేల్ స్కోఫీల్డ్ ఒంటి మీది పచ్చబొట్టులో జైలు నక్షాతో పాటు బయటపడ్డాక పట్టవలసిన దారులు కూడా ఉన్నాయని గ్రహించి, ఒక్కొక్క గుర్తునూ విప్పుకుంటూ వెంటపడే ఈ ఎఫ్‌బీఐ అధికారి, తాను చంపి పెరట్లో పూడ్చిన మనిషి సంగతి ఎక్కడ బయటపడుతుందోనన్న భయంతో, పారిపోయినవాళ్ళను ప్రాణాలతో అప్పగించకుండా మట్టుబెట్టడానికి సిద్ధపడతాడు. చేతికి చిక్కిన కుర్రవాడు ట్వీనర్‌ను దారిలో కారు ఆపి కాల్చేసే ఘట్టంలో మహోన్‌గా నటించిన విలియం ఫిక్ట్‌నర్ ముఖం చూస్తే, చస్తున్నది ఎవరో ఒక్క క్షణం అర్థం కాదు.

వ్యాసకర్త అసలు తడమని విషయం మరొకటి ఉంది. ఫాక్స్ రివర్ జైలు నుంచి పారిపోయిన ఎనిమిది మందిలో టీ-బ్యాగ్ ఒకడు. తెగిన చేతిని ఒక పశువైద్యుడి చేత బలవంతంగా కుట్టించుకుని, ఆ వైద్యుడినే చంపి వెళ్ళిపోతాడు. అన్నను బతికించుకోవడానికి గోడకు కన్నం వేసిన మైఖేల్, ఆ కన్నంలోంచి ఇంకెవరెవరు బయటికి వచ్చారో లెక్క చెప్పుకోవలసి వస్తుంది. మొదటి సీజన్ తెలివికి పరీక్ష పెట్టింది. మనస్సాక్షి దాకా రానేలేదు.

లోపాలు లేవనను. లింకన్ నిర్దోషి అని నిరూపించడానికి మొదటి సీజనంతా తిరిగిన న్యాయవాది వెరోనికాను తొలి భాగంలోనే చంపేయడం తొందరపాటు. యూటా రాష్ట్రంలో పాతిపెట్టిన 50 లక్షల డాలర్ల కోసం తవ్వకాలు సాగదీతే. ఇక చివర మైఖేల్‌ను పనామాలోని సోనా జైలుకు చేర్చడమంటే, గోడలు లేకుండా కథ నడపగలమని 21 భాగాల పాటు నిరూపించినవాళ్ళే ఆఖరి భాగంలో ధైర్యం చాలక మళ్ళీ గోడలు కట్టుకోవడమే.

భవదీయుడు,
ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం